మా సాలూరు ఇల్లు నిలబెట్టిన మేనేజర్ బాబు

నిన్న మధ్యాహ్నం అన్నం కలుపుకుంటుంటే పార్వతీపురం నుంచి ఫోన్. మేనేజర్ బాబు ఇక లేరని.

నమ్మలేదు. మొన్న ఆదివారమే కదా, "మీ నాన్న మందులేసుకుంటన్నాడా?" అని నన్ను ఫోన్లో అడిగారు.

చెయ్యి కడిగేసుకుని లేచిపోయాను.

మీలో చాలామందికి ఆయన తెలీదు. అందుకే రాస్తున్నా.

తొంభైల చివర్లో ఆయన సాలూరులో బ్యాంక్ మేనేజర్. మా నాన్న ఘాట్ రోడ్డు మీద సర్వీస్ జీపు నడిపేవారు. ఆ బ్యాంకులోనే లోన్ పెట్టి రెండు గదుల ఇల్లు కట్టుకున్నాం.

అంతలో నాన్నకి టీబీ. జీపు అమ్మేశాం. మిగిలింది అరకు వైపు కొండమీద తాతగారి కాఫీ తోట. ఆ డబ్బు ఏడాదికోసారే చేతికొస్తుంది. బ్యాంకుకేమో నెలనెలా కట్టాలి.

వాయిదాలు తప్పాయి. ఇల్లు వేలం వేస్తామని నోటీసు వచ్చింది.

మావాళ్ళకో పట్టింపు ఉంది. అప్పిచ్చినవాళ్ళ గుమ్మం ఒట్టి చేతుల్తో ఎక్కకూడదు. కొంచెం పోగయ్యాక వెళ్దామని నాన్న ఆగారు. పోగయ్యిందీ లేదు, వెళ్ళిందీ లేదు. బ్యాంక్ జీపు కనిపిస్తే చాలు, వంటింట్లో నక్కేవారు. ఎగ్గొట్టే రకం అనుకున్నారు బ్యాంకువాళ్ళు.

ఒకరోజు మేనేజర్ బాబు ఒక్కరే నడిచొచ్చారు.

నాన్న లేరని చెప్పడం అలవాటైన అమ్మ, "ఊర్లో నేరు బాబూ" అంది.

"అయితే లోపల దగ్గుతున్నదెవులమ్మా?"

నాన్న తలొంచుకుని బయటికొచ్చారు. "ఒట్టి సేతుల్తో ఎలాగొస్తాను బాబూ, ఏటైనా పోగేసుకుని ఒద్దామని..."

"నువ్వు పోగేసుకునేలోపు ఇల్లు పోతాది. ఒట్టి సేతుల్తోనే బేగి రా. ఏటయిందో సెప్పు. సెప్పకపోతే నాకెలా తెలస్తాది?"

మర్నాడు నాన్న వెళ్ళి జబ్బు సంగతి, తోట సంగతి చెప్పారు. మేనేజర్ బాబు గడువు పెంచారు. నెలవారీ వాయిదాని, కాఫీ అమ్ముడయ్యాక ఏడాదికోసారి కట్టేలా మార్చారు. పై ఆఫీసుని ఒప్పించడానికి చాలానే తిరిగారు. వేలం ఆగింది.

మెత్తని మనిషేం కాదు. వడ్డీ తగ్గించమని అమ్మ బతిమాలితే పైసా వదల్లేదు. అమ్మ చాన్నాళ్ళు తిట్టుకుంది. ఆయనొస్తే మాత్రం గ్లాసు నిండా అంబలి పోసేది.

ఆ తర్వాత వాయిదా తప్పి దాక్కునేవాళ్ళు ఎవరు దొరికినా, నాన్నే రెక్క పట్టుకుని బ్యాంకుకి లాక్కెళ్ళేవారు.

ఇవాళ పొద్దున్న నాన్నని తీసుకుని పార్వతీపురం వెళ్ళాను. మేనేజర్ బాబు భార్య ముందు నాన్న చేతులు జోడించారు. మెల్లగా అన్నారు.

"పోయినేడు మాయావిడ మా ఇంట్లోనే కన్ను మూసింది తల్లీ. అద్దిల్లయితే, ఇంక బతకదని ఆస్పత్రి నుంచి తెచ్చినప్పుడు ఇంటోళ్ళు గుమ్మంలోకి కూడా రానిచ్చోరు కాదు. బాబు దయవల్ల మా నట్టింట్లో పడుకోబెట్టుకున్నాం."

ఆవిడ నాన్న చెయ్యి పట్టుకుని ఏడ్చారు. నేనూ ఏడ్చాను.

ఈ రాత్రి మా ఇంట్లో ప్రార్థన మీకోసమే, మేనేజర్ బాబూ.

వెళ్ళిరండి. ఇక హాయిగా విశ్రాంతి తీసుకోండి.