కత్తెర కింది కాగితం

మీరు చూడని సినిమాను ఎప్పుడైనా తిట్టారా? మీ పాస్టరుగా నేను మైకు పట్టుకుని మరీ తిట్టాను. ఆ సినిమా తీసిన అమ్మాయి తండ్రి, మా పక్కింటి ఆపరేటరు బాబాయ్, మొన్న ఆదివారం కన్నుమూశారు. కూతురి సినిమా చూడకుండానే.

తిరువూరు హాల్లో ముప్పై ఏళ్లు ప్రొజెక్టరు నడిపిన మనిషి. జేబులో ఎప్పుడూ చిన్న కత్తెర. రీళ్ల రోజుల్లో ఫలానా సీను తీసేయమని పైనుంచి ఆర్డరొస్తే తీసేసేవారు. కానీ ఆ చోట అంతే పొడుగు నల్ల ఫిల్ము అతికించేవారు. తెర చీకటయ్యేది, జనం ఈలలు వేసేవాళ్లు, యజమాని మెట్లెక్కి పరుగెత్తుకొచ్చేవాడు.

"రెండు కొసలూ కలిపేస్తే పోయేదిగా!"

"కోశామని జనానికి తెలియాలి కదండీ."

ఆయన కూతురు గంపలగూడెం పత్తి చేలల్లో కూలి ఆడవాళ్ల మీద సినిమా తీసింది. పాటల్లేవు, ఫైట్లు లేవు. అందులో ఒకామె బిడ్డను పాతిపెట్టి వచ్చి, "అసలున్నావా?" అని దేవుణ్ణి నిలదీస్తుందట. ఆ 'అట' పట్టుకునే నేను మండిపడ్డాను. అర్జీ రాసి, మీ చేత సంతకాలు పెట్టించి పంపాను. ఆ సీను తీసేస్తేనే సర్టిఫికెట్టు అన్నారు సెన్సారు వాళ్లు. అమ్మాయి తీసేయనంది. సినిమా ఆగిపోయింది.

"ఫోన్లో చూపిస్తాను నాన్నా" అంటే బాబాయ్ వినలేదు. "తెర మీద, మనూరోళ్ల మధ్యనే చూస్తా."

అయినా నాతో మాట మానలేదు. పొద్దున్నే అరుగు మీద టీ గ్లాసు నావైపు జరిపేవారు. ఒకరోజు నేను లేఖనం తెరిచి, ప్రవక్త రాయించిన గ్రంథపు చుట్టను కత్తితో కోసి నిప్పుల్లో వేసిన రాజు సంగతి ఆవేశంగా చెబుతున్నాను.

"ఏవయ్యా, ఆ రాజు విన్నాక కోశాడా, వినకుండా కోశాడా?"

"విన్నాకే, బాబాయ్."

"అయితే నీకన్నా ఆయనే నయం గదయ్యా!"

నవ్వుతూనే అన్నారు. అదే లేఖనంలో, బిడ్డల్ని పోగొట్టుకుని దేవుణ్ణే నిలదీసిన భక్తుడి మాటలు నేనే ఎన్నిసార్లు చదివి వినిపించాను! ఆ వారమే అమ్మాయి దగ్గరికెళ్లి సినిమా చూశాను. ఆ తల్లిది దూషణ కాదు, ప్రార్థన. సంతకం వెనక్కి తీసుకుంటానని బాబాయ్‌కి మాటిచ్చాను. ఈ ప్రార్థన కూటాలయ్యాక, ఆ కూటాలయ్యాక అంటూ ఉండిపోయాను. ఆయన ఒక్కసారీ గుర్తుచేయలేదు.

రేపు అమ్మాయి అప్పీలు వింటారట. "స్థానికుల అభ్యంతరం" అని మన సంతకాల చాటునే దాక్కుంటున్నారు సెన్సారు వాళ్లు. నా సంతకం వెనక్కి తీసుకుంటున్న కాగితం ఆయన అరుగు మీద పెట్టాను. ఎగిరిపోకుండా దానిమీద ఆ చిన్న కత్తెర ఉంది. నాతో సంతకం పెట్టినవాళ్లారా, కాగితంలో మీ చోటు ఖాళీగా ఉంది. ప్రార్థనయ్యాక కాదు, అన్నాలయ్యాక కాదు. చెప్పులేసుకుని ఇప్పుడే రండి.