స్కానర్‌తోపాటు పోయిన ఫైలు

పాన్‌గల్‌లో నేను జిరాక్స్ సెంటర్ పెట్టిన కొత్తలో, కంప్యూటర్ నెమ్మదించిందని ఒకరోజు పొద్దున మెకానిక్‌ను పిలిపించాను. వాడని పాత స్కానర్ సాఫ్ట్‌వేర్ తీసేసి వెళ్లాడు. అంతే, ప్రింటర్ ఆగిపోయింది.

అంతలో కూలిపనికి వెళ్లే ఏసమ్మ, కూతురి హాల్‌టికెట్ కోసం పిల్లను వెంటబెట్టుకుని వచ్చింది. మధ్యాహ్నమే వనపర్తిలో పరీక్ష.

"జర జల్ది తియ్యి బిడ్డా, బస్సు పోతది," అని బతిమాలింది.

మెకానిక్‌కు ఫోన్ చేశాను. "ప్రింటర్ ఖరాబైంది మేడం, కొత్తది కొనుండ్రి. గివన్నీ మీకు తెల్వవు," అని పెట్టేశాడు.

ఒళ్లు మండి, తెరమీది ఎర్రర్‌ను నేనే చదివాను. ఒక డీఎల్‌ఎల్ ఫైలు లేదని ఉంది. ఆ పేరుతో నెట్‌లో వెతికితే, స్కానర్, ప్రింటర్ రెండూ ఆ ఒక్క ఫైలునే వాడుకుంటాయని తెలిసింది. స్కానర్‌తోపాటు అతను దాన్నీ తుడిచేశాడు! స్కానర్ సాఫ్ట్‌వేర్ మళ్లీ వేయగానే ప్రింటర్ కదిలింది. తల్లీకూతుళ్లు బస్సుకు పరుగెత్తారు. పిల్ల పరీక్ష రాసింది.

మెకానిక్‌కు మళ్లీ ఫోన్ చేశాను. "తీసేముందు గా ఫైలు ఇంక దేనికి కావాల్నో చూస్కోవా? పిల్ల పరీక్ష పోతుండె!" అని నిలదీశాను.

"గీ సంగతి మీకెవరు చెప్పిన్రు మేడం? మీ ఇంట్ల సారు చెప్పిండా?" అన్నాడు.

తన తప్పు గురించి ఒక్క మాట లేదు. ఆ ప్రశ్న గుర్తొస్తే ఇప్పటికీ నాకు కోపం ఆగదు.