మూడు అద్దాల అవతల

మా ఇంటి వెనకే రైలు పట్టాలు. నేను ఇంటినుంచే ఆఫీసు పని చేసుకునే గది కిటికీ కూడా అటే. మీటింగ్‌లో నాకంటే రైలే ఎక్కువ మాట్లాడేది. రెండద్దాల కిటికీలు తీసేసి మూడద్దాలవి పెట్టిద్దామని మా ఆయన ప్రాణం తోడేశాను. అనుకున్నది సాధించాను. బిగించిన రోజు రైలు కనిపించింది గానీ వినిపించలేదు. ఎంత సంబరపడ్డానో!

చలిగాలి లోపలికి రావడం మానేసింది సరే, వంటింటి వాసన బయటికి పోవడం కూడా మానేసింది. అప్పటికి మా అత్తయ్య ఇండియా నుంచి వచ్చి రెండు నెలలు. ఎండు రొయ్యలు లేనిదే ఆవిడకి ముద్ద దిగదు.

"అత్తయ్యా, కోట్లన్నీ కంపు కొడుతున్నాయి. వెనక ఆరుబయట చెక్క డెక్ మీద గ్యాస్ పొయ్యి పెట్టిస్తా, అక్కడ వేయించుకోండి."

"అలాగేనమ్మా" అన్నారు. దేనికైనా అలాగే అంటారు. అదే నాకు అలుసైపోయింది.

నవంబరులో ఒక మధ్యాహ్నం డెక్ తలుపు ఓరగా తెరిచి ఉంది. ఇంట్లోకి చలి కొడుతోంది, నాకేమో మీటింగ్‌కి టైమవుతోంది. విసుక్కుంటూ తలుపు జరిపి, చేతి అలవాటుకొద్దీ లాక్ వేసి గదిలోకి పోయాను. ఆవిడ బయట ఉన్నారన్న ధ్యాసే లేదు.

కాసేపటికి కిటికీ అవతల అత్తయ్య. నైటీ మీద పల్చటి శాలువా. పెదాలు కదులుతున్నాయి, ఒక్క ముక్క వినపడదు. కూర రుచి చూడమంటున్నారనుకున్నాను. చెయ్యి చూపించి ఆగమన్నాను. తలూపారు. ఆగారు.

నలభై నిమిషాలు!

మీటింగ్ అయ్యాక వెళ్లి చూద్దును కదా, పొయ్యి పక్కన ముడుచుకుని కూర్చున్నారు. గ్యాస్ ఎప్పుడో అయిపోయిందట. వేళ్లు నీలంగా ఉన్నాయి. లోపలికి తెచ్చి దుప్పట్లు కప్పి, చేతులు రుద్దుతూ ఏడ్చాను. పైగా ఆవిడ మీదే అరిచాను, నా నోరు పడిపోను.

"అద్దం గట్టిగా బాదొచ్చు కదా అత్తయ్యా! మీకేమన్నా అయితే?"

"నువ్వు ఆగమన్నావు కదమ్మా" అన్నారు వణుకుతూ. "మీటింగ్‌లో చప్పుడైతే నీకు మాటొస్తుందని..."

సాయంత్రం మా ఆయన వచ్చాక ఆవిడ ఏమీ చెప్పలేదు. నేనూ చెప్పలేదు.

ఇకనుంచి లోపలే వేయించుకోండని ఎంత బతిమాలినా వినరు. ఇప్పటికీ డెక్ మీదే. కాకపోతే వెళ్లేముందు ఒక చెప్పు విప్పి, మూసుకోకుండా తలుపు సందులో అడ్డం పెడతారు. ఒంటి చెప్పుతో ఆ చలిలోకి నడుస్తారు.