దుప్పటి చాటున చెప్పిన మాట

మా ఊరి మంత్రసానమ్మ పోయింది. పోయిన మంగళవారం పొద్దున్న పొలం గట్టు మీద పడి ఉందని గడ్డికి వెళ్లిన ఆడవాళ్లు పరుగున వచ్చి చెప్పారు. ఒంటి మనిషి. పదిహేను రోజులుగా జ్వరంతో ఉంది. ఎక్కడికి బయల్దేరిందో ఎవరికీ తెలియదు. "ఇంకెందుకీ బతుకనీసి ఏదో మింగీసుంతాది" అని అప్పుడే గుసగుసలు మొదలయ్యాయి.

కోటబొమ్మాళికి దగ్గర్లో ఉన్న ఈ ఊరికి నేను మునసబుని. జనన మరణాల రిజిస్టరు నా దగ్గరే ఉంటుంది. నన్ను ఈ లోకంలోకి లాగిన మనిషి ఎలా వెళ్లిపోయిందో అందులో నేనే రాయాలి.

ఆ రిజిస్టరు తిరగేస్తే మా ఊరి ఆడవాళ్లకి కడుపునొప్పి తప్ప మరో జబ్బు లేదనుకుంటారు. ఎవరు నూతిలో తేలినా "కడుపునొప్పి భరించలేక" అని రాయడం మా నాన్న మునసబుగా ఉన్నప్పటి నుంచీ అలవాటు. అలా రాస్తే పోలీసులకి పని తగ్గుతుంది, ఇంటివాళ్లకి గొడవ ఉండదు. నేనూ అలాగే రాశాను. ఒకటి కాదు, నాలుగు రాశాను. అప్పుడు సిగ్గు కూడా వేయలేదు.

అనుమానం ఉన్న చావైతే ఎస్సైగారు వచ్చి శవ పంచాయితీ పెడతారు. ఐదుగురు పెద్దమనుషులు కూర్చుంటారు, ప్రశ్నల కాగితం ఉంటుంది. పోయింది ఆడమనిషైతే మగవాళ్లు చూడకూడదు కదా, ఇద్దరు ఆడవాళ్లు దుప్పటి అడ్డం పట్టుకుంటారు. మంత్రసానమ్మ లోపలికి వెళ్లి చూసి, ఒంటి మీద ఏమేం ఉన్నాయో గట్టిగా చెబుతుంది. పోలీసు రైటరు రాసుకుంటాడు. ఆవిడకి అక్షరం ముక్క రాదు.

లోపలికి వెళ్లే ముందు రెండు అరచేతులూ రాపాడించుకుని వెచ్చ చేసుకునేది. పురిటి బిడ్డని ముట్టుకునే ముందు కూడా అంతే. "చచ్చినవాళ్లకి చలేమిటే?" అని ఎవరో వెక్కిరిస్తే, "మీకు తెలుసేటి? నాను సల్లటి సేత్తో ఎవులినీ ముట్టుకోను" అంది.

మొన్న ఎలక్షన్లయిన ఏడాది, మా వీధి చివరింటి కోడలు నూతిలో పడి చనిపోయింది. ముందురోజు సాయంత్రం అత్తాకోడళ్లు పోట్లాడుకోవడం వీధంతా విన్నది. ఇంకేముంది, తగువుకే నుయ్యి చూసుకుందని అందరం తేల్చేశాం. అత్త గుమ్మంలో కూలబడి, "నానే సంపీసినాను, నా నోరే సంపీసింది" అని తల బాదుకుంటోంది. ఆవిడ ఒళ్లో మూడేళ్ల మనవరాలు. రేపు ఆ పిల్లని 'నూతిలో దూకినదాని కూతురు' అంటారు. పెళ్లి మాటల దగ్గర కూడా అదే గుర్తుచేస్తారు. అత్త మీదికైనా కేసు రాకూడదని పెద్దమనుషులు జాలిపడి, "కడుపునొప్పని రాసీండి బాబూ" అన్నారు. నేను తలూపాను. రైటరు కలం తీశాడు.

"ఆగండి" అని దుప్పటి వెనక నుంచి మంత్రసానమ్మ కేక.

"సీర మోకాళ్ల దాకా ఎగదోపి ఉన్నాది. సచ్చిపోదామని ఎల్లే ఆడది అలా కట్టదు బాబూ. పదిమందీ బైటికి తీస్తారని దానికి తెలుసు. కిందికి జార్సి, జారకండా బిగించి కట్టుకుంటాది. ఇది పని కట్టు. అరిసేతులు రెండూ తాడు ఒరుసుకుని తోలు లెగిసిపోయినాయి. మరి బొక్కెన ఏదీ? ఎవులైనా సూసినారా?"

ఎవరం చూడలేదు. అంతమందిమి పొద్దుటి నుంచి నూతి చుట్టూ తిరుగుతున్నాం, బొక్కెన లేదన్న సంగతే ఎవరికీ పట్టలేదు. కొక్కేలున్న పాతాళ గరిగె తెచ్చి నూతిలోకి దింపారు. రెండోసారికే బొక్కెన తగిలింది. చేంతాడు మొత్తం దానితోనే పైకొచ్చింది. నీళ్లు తోడుతూ జారి, ఆఖరి దాకా తాడు వదలకుండా పడిపోయింది ఆ కోడలు పిల్ల.

ఎస్సైగారు 'ప్రమాదవశాత్తు' అని రాయించారు. అత్త లేచి వచ్చి మంత్రసానమ్మ కాళ్లు పట్టుకుంది. అధికారమంతా కుర్చీల్లో కూర్చున్న మా దగ్గరుందనుకున్నాను అన్నాళ్లూ.

ఇంటికి వెళుతూ అడిగాను, "చీర బిగించి కట్టి ఉంటే ఏం చెప్పేదానివి?" అని.

"బిగించి ఉన్నాదనే సెప్పుదును. దాని మనసు దాని కట్టులో ఉంతాది, మనం మార్సకూడదు. నువ్వు రాసిన కడుపునొప్పులన్నీ నానెరుగుదును బాబూ. పుట్టినప్పుడు ఉన్నది ఉన్నట్టు రాస్తావు. సచ్చినప్పుడే ఎందుకు మార్సీడం?"

కోప్పడినా బాగుండేది. నెమ్మదిగా అంది. ఆ తరవాత నా రిజిస్టరులో కడుపునొప్పి లేదు.

మంగళవారం గట్టు మీదికి కొత్త ఎస్సైగారు వచ్చారు. గుసగుసలు విన్నారు. "ముసలమ్మ, జ్వరం, ఒంటరితనం. కడుపునొప్పి అని రాసేద్దామా మునసబుగారూ?" అన్నారు, నాకు మేలు చేస్తున్నట్టు.

"వద్దండీ. చూడాలి" అన్నాను. కానీ చూసేదెవరు? చూడాల్సిన మనిషే అక్కడ పడుకుని ఉంది.

అప్పుడు చివరింటి అత్త ముందుకొచ్చింది. "నాను సూస్తాను బాబూ" అంది. ఊరి కోడళ్లు ఇద్దరు దుప్పటి పట్టుకున్నారు. ఆవిడ ఒక్క క్షణం నిలబడి రెండు అరచేతులూ గట్టిగా రాపాడించుకుంది. నేను తల పక్కకి తిప్పుకున్నాను. ఆపుకున్నా కన్నీళ్లు ఆగలేదు.

దుప్పటి వెనక నుంచి ఆవిడ గొంతు వినిపించింది.

"గాటు లేదు, నోట నురగ లేదు. కొంగున బొడ్డు కట్టే నూలుదారం ముడేసి ఉన్నాది. సీర..." అని ఆగింది. "సీర ఎగదోపి ఉన్నాది బాబూ. పనికెల్తన్నాది."

పొరుగూళ్లో ఒక పిల్లకి నొప్పులొస్తున్నాయని తెల్లవారుతూనే కబురొచ్చిందట. అది మాకు మధ్యాహ్నానికి తెలిసింది. అప్పటికే నేను 'పనికి వెళుతూ, జ్వరంతో' అని రాసేశాను.

రాస్తుండగా గాలికి దుప్పటి అంచు లేచి మంత్రసానమ్మ పాదాలు కనిపించాయి. మడమలకి గట్టు బురద ఇంకా తడిగానే ఉంది. వేళ్లు పొరుగూరి వైపే ఉన్నాయి.