పెద్దబాపు ఏడుపు సీను

తెలంగాణ వచ్చిన కొత్తలో మా దేవరకొండ దిక్కు డిగ్రీ అయిపోయి ఉద్యోగం దొరకని ప్రతివాడూ షార్ట్ ఫిల్మ్ డైరెక్టరే. నేనూ అయ్యాను. ప్రేమకథ నా స్థాయికి తక్కువని (అమ్మాయి వేషానికి ఎవరూ ఒప్పుకోలేదన్నది వేరే సంగతి) సినిమా తీయడం మీదనే సినిమా మొదలుపెట్టాను. అందులో డైరెక్టరు సినిమాలన్నీ అబద్ధమని తిట్టి, నిజమైన రైతు కార్చే నిజమైన కన్నీటిని కెమెరాలో బంధిస్తాడు. ఆ వేషం కూడా నాదే. మండుటెండలో ఉన్ని టోపీ పెట్టుకున్నాను.

నా అదృష్టానికి మా పెద్దబాపు, అంటే నాన్నకు అన్న, అప్పుడే మూడో బోరు వేయిస్తున్నాడు. మొదటి రెండూ ఎండిపోయాయి. ఎడ్లను అమ్మి దీనికి దిగాడు. ఇదీ పోతే బత్తాయి చెట్లు పొయ్యిలోకే. ఇంటిల్లిపాదీ నీళ్లు పడాలని మొక్కుతుంటే, నేనొక్కడినే పడొద్దని మొక్కుతూ కూర్చున్నాను.

బోరు బండి మధ్యాహ్నం దాకా తెల్లటి దుమ్మే కక్కింది. దుమ్ము నా కెమెరాలో అద్భుతంగా వచ్చింది. "పెద్దబాపూ, తల మీద చెయ్యి పెట్టుకొని కూసో," అన్నాను. పాపం, అప్పటికే అలాగే కూర్చున్నాడు. కళ్లు పొడిగా ఉన్నాయని గ్లిజరిన్ సీసా తీశాను.

"ఏందిరా గది?"

"కన్నీళ్ల మందు."

"గవి గూడ కొనుక్కొచ్చినవా బిడ్డా? నన్నడిగితే ఇయ్యకపోదునా!"

అంతలో దుమ్ము తడిసింది. ముందు బురద, ఆ వెనకే బండి కంటే ఎత్తున నీళ్లు. "పడ్డయి! నీళ్లు పడ్డయి!" అంటూ పెద్దమ్మ ఉరికింది. పెద్దబాపు బురదలోనే కూలబడి వెక్కి వెక్కి ఏడ్చాడు.

నేనేం చేశాను? దుమ్ము తడవగానే "కట్!" అనేశాను. స్క్రిప్టులో నీళ్లు లేవు మరి! కెమెరా తడుస్తుందని సంచిలో పెట్టి జిప్పు కూడా వేశాను. మరుసటి వారం పాత ఎండుబోరు దగ్గర ఆయన్ని కూర్చోబెట్టి, సీసా మొత్తం ఖాళీ చేసి ఏడుపు తీశాను. నీళ్లు పడ్డ సంబురంలో ఉన్న మనిషి, ఏడుస్తూ ఏడుస్తూనే నవ్వాడు. ఆ కళాఖండాన్ని యూట్యూబులో మా ఇంటివాళ్లే చూశారు, అదీ నేను ఫోను చేతిలో పెడితే.

ఇప్పుడు పెళ్లి వీడియోలు తీసి బతుకుతున్నాను. అప్పగింతలప్పుడు ఎవరేమన్నా కెమెరా ఆపను. పెద్దమ్మ పోయి ఏడాదయింది. మొన్న పెద్దబాపు బత్తాయిలు తెచ్చిచ్చి, "నీళ్లు పడ్డనాటి వీడియో జర పెట్టు బిడ్డా. మీ పెద్దమ్మ ఉరికింది ఒక్కసారి సూస్త," అన్నాడు.

నా దగ్గర దుమ్ము ఒక్కటే ఉంది. అదే పెట్టాను. ఆయన ముందుకు వంగి, "ఇగ వస్తయి, ఇగ వస్తయి," అంటూ చూస్తున్నాడు. ఆ ఉన్ని టోపీవాణ్ని తలచుకుంటే నవ్వూ వస్తుంది, నాలుగు తన్నాలనీ ఉంటుంది. ఈసారి మాత్రం కట్ చెప్పకుండా ఆయన పక్కనే కూర్చున్నాను.