కరెంటు సంఘంలో గంగామణి కుర్చీ

గంగామణి కరెంటు సంఘానికి డైరెక్టరని ఊరందరికీ తెలుసు. తెలియనట్టు బతికింది ఒక్క గంగామణే. ఎన్నికై రెండేళ్లు దాటినా ఆమె ఎల్లారెడ్డిలో ఉన్న సంఘం ఆఫీసు మెట్టెక్కలేదు.

ఆఫీసు గోడ మీద ‘వెలుగుబాట సహకార విద్యుత్ సంఘం’ అని పెద్దక్షరాలతో రాసి ఉంటుంది. ఆ పేరుతో పిలిచినవాణ్ని ఇంతవరకూ ఎవరూ చూడలేదు. చుట్టుపక్కల ఊళ్లకు కరెంటు ఇచ్చేదీ, బిల్లు వసూలు చేసేదీ, తీగ తెగితే అతికించేదీ ఈ సంఘమే. దీనికి సొంతదారులు మీటరున్న ప్రతి ఇంటివాళ్లూ. వాళ్లు ఓట్లేసి డైరెక్టర్లను ఎన్నుకుంటారు. ఆ డైరెక్టర్లంతా బోర్డుగా కూర్చుని, జీతానికి పెట్టుకున్న ఎండీగారిని ఇది ఎందుకు చేశావు, అది ఎందుకు చెయ్యలేదు అని అడగాలి. అడగడమే వాళ్ల పని. అడగడం తప్ప మిగతావన్నీ మహా బాగా జరిగేవి.

ఆ కుర్చీల్లో రెండు ఆడవాళ్లవి. ఆడదానికి కుర్చీ వస్తే మన దగ్గర ఏమవుతుందో కొత్తగా చెప్పాలా? కుర్చీ ఆమెది, కూర్చునేది ఆయన. గంగామణి భర్త పర్శరాములుకు ఎల్లారెడ్డి బస్టాండు దగ్గర మోటార్లు వైండింగ్ చేసే దుకాణం ఉంది. మనిషి చెడ్డవాడు కాడు. తాగడు, ఇంట్లో చెయ్యెత్తడు. నలుగురిలో పెద్దమనిషి అనిపించుకోవాలనే పిచ్చి మాత్రం కాస్త ఎక్కువ. మీటింగుందని ఫోను ఆయనకే వచ్చేది. తెల్ల చొక్కా తొడుక్కుని బయల్దేరేవాడు. ఆ చొక్కాకు ఇస్త్రీ చేసిచ్చేది డైరెక్టరమ్మ! అక్కడ చాయ్ తాగి, మిర్చిబజ్జీలు తిని, ‘గంగామణి’ అని వంకర్లు తిప్పుతూ సంతకం పెట్టి వచ్చేవాడు.

గంగామణి నోట్లో నాలుక లేని మనిషా అంటే అదీ కాదు. బీడీల కార్ఖానాలో మంచి బీడీలను వంకపెట్టి పక్కన పారేసే షావుకారును నిలబెట్టి కడిగిపారేసే మనిషి. కానీ బోర్డంటే ఆమెకు గుండె దడ. అక్కడ ఏసీ గది, ఇంగ్లీషు మాటలు, చదువుకున్న సార్లు. తనదేమో ఎనిమిదో తరగతితో ఆగిన చదువు. మొగుడు పోతానంటే పీడా పోయిందనే అనుకుంది, పాపం ఆమెనని ఏం లాభం!

అట్లా నడుస్తున్న రోజుల్లో సీమోను స్తంభం మీది నుంచి పడ్డాడు.

సీమోను వాళ్ల గల్లీవాడే. సంఘం ఉద్యోగి కాదు. లైన్‌మన్ వెంట తిరిగే హెల్పరు. ఇలాంటివాళ్లు ప్రతి ఊళ్లోనూ ఒకరుంటారు. ఫ్యూజు పోయినా, తీగ మీద కొమ్మ పడినా ఊరు పిలిచేది లైన్‌మన్‌ను కాదు, సీమోనునే. అన్నం ముందు కూర్చున్నవాడు కూడా చెయ్యి కడుక్కుని లేచి వచ్చేవాడు. ఆ రోజు గాలివానకు వేపకొమ్మ తీగల మీద పడింది. లైన్‌మన్ ఫోన్లోనే సబ్‌స్టేషనుకు చెప్పి లైను బందు చేయించి, సీమోనుకు కూడా ఫోన్లోనే ఎక్కమని చెప్పాడు. సీమోను ఎక్కాడు. అతను ఇంకా పైనుండగానే, ఏ ఊరివాళ్లు కరెంటు కోసం గొంతు చించుకున్నారో ఏమో, సబ్‌స్టేషనులో ఎవరో లైను మళ్లీ వేసేశారు. కామారెడ్డి దవాఖానలో ప్రాణం నిలబడింది. కుడిచెయ్యి మోచేతి కిందికి తీసేశారు.

సీమోను ఇంటికి వచ్చాడని విని గంగామణి బత్తాయిలు కొనుక్కుని చూడబోయింది. అతని భార్య సలోమి గుమ్మంలోనే అడ్డంగా నిలబడింది.

“లోపలికి రాకక్కా,” అంది.

“ఏందే సలోమీ, నేనేం జేసిన?”

“ఏం జేసినవా? మా ఆయన సంఘపోడు గాదని రాసిచ్చినవు గదా! ఎవలు చెప్పకుండనే, తనంతట తనే స్తంభమెక్కిండని రాసిండ్రు గదా! ఇగ మాకు నష్టపరిహారం లేదు, ఏం లేదు. పాస్టరయ్యను వెంటవెట్టుకొని ఆఫీసుకు పోతే చూపెట్టిండ్రు. అందరి సంతకాలున్నయి. మిగిలినోళ్లు ఎవలో నాకు తెల్వదు. నువ్వు మా గల్లీదానివి గదక్కా!”

గంగామణి నేను కాదే అనబోయింది. లోపలి నుంచి సీమోను గొంతు వినపడింది: “పోనియ్యే సలోమీ. అక్కనేమనకు.” సలోమి తిట్టిన దానికన్నా ఆ మాటే ఆమెను ఎక్కువ కోసింది. బత్తాయిల సంచి అరుగు మీద పెట్టి, వెనక్కి చూడకుండా వచ్చేసింది.

పర్శరాములు దుకాణం నుంచి వచ్చి చెప్పులు విడవకముందే అందుకుంది.

“సీమోను కాగితం మీద సంతకం పెట్టినవా?”

“ఏ కాగితం? మీటింగుల శానా కాగితాలుంటయే.”

“చదివినవా?”

“ఎవలు చదువుతరు? ఎండీ సారు రాసుకొచ్చిండు. చైర్మన్ పెట్టిండు, అందరు పెట్టిండ్రు, నేను పెట్టిన. అప్పటికే బజ్జీలొచ్చినయి...”

“నీ బజ్జీల మీద మన్నువడ!” గంగామణి అరుపుకు పక్కింటి సాలవ్వ గోడ మీది నుంచి తొంగి చూసింది. “నా పేరు పెట్టి సీమోను కడుపు కొట్టినవు గదయ్యా! గల్లీల ఇగ నేను ముఖమెట్ల సూపెట్టాలె?”

పర్శరాములు మంచం మీద కూలబడ్డాడు. చెయ్యి పోయిన మనిషి కాగితం అదేనని అతనికి నిజంగానే తెలియదు. తెలియకపోవడం తప్పు కాదని ఎవరైనా అంటే నేనొప్పుకోను. తెలుసుకోవడానికే కదా ఆ కుర్చీ ఇచ్చింది!

అతనే గొణిగాడు. “వచ్చే మీటింగుకు పోయి నేనే అడుగుత తియ్యి.”

“నువ్వెవలవు అడగనీకి? ఓట్లు నాకేసిండ్రు. నేనే పోత.”

“అక్కడ మాట్లాడొస్తదానే నీకు?”

“రాకపోతే ఏడుస్త. ఆ ఏడుపన్న నాదే అయితది.”

మీటింగు రోజు పర్శరాములే బండి మీద ఎల్లారెడ్డికి తీసుకుపోయాడు. గదిలోకి అడుగు పెట్టగానే అటెండరు అలవాటు కొద్దీ అతనికి కుర్చీ లాగాడు. చైర్మన్ రాజలింగు పెద్ద నవ్వు నవ్వి, “చెల్లె వచ్చింది, మంచిదాయె. అమ్మా, గా గోడ పక్కకు బల్ల మీద కూసో. పర్శన్నా, రా,” అన్నాడు. గంగామణి ఆ కుర్చీ మీద చెయ్యి వేసింది. “అన్నా, కుర్సీ ఒక్కటే ఉన్నది గదా. నేను కూసుంట,” అంది. కూర్చుంది కూడా. పర్శరాములు ముఖం చిన్నబుచ్చుకుని వరండాలోకి పోయాడు.

ఎండీగారు ఒక్కొక్క విషయం చదువుతున్నాడు. ట్రాన్స్‌ఫార్మర్లన్నాడు, టెండరన్నాడు. అందరూ గంగిరెద్దుల్లా తలలూపుతున్నారు. ఇప్పుడడుగుదాం, ఇంకాసేపాగి అడుగుదాం అని గంగామణి అనుకుంటుండగానే రాజలింగు, “ఇగ అయిపోయినట్టే గదా,” అన్నాడు. బజ్జీల పళ్లెం లోపలికి వచ్చింది. ఆ వాసన తగలగానే ఆమెకు ఎక్కడలేని కోపం వచ్చింది.

“బజ్జీలు ఆగుండ్రి,” అని లేచి నిలబడింది. “సీమోను సంగతి మాట్లాడాలె.”

ఎండీగారు మర్యాదగానే చెప్పాడు. “అది ముగిసిన విషయం మేడమ్. బోర్డు తీర్మానం చేసింది. మీ సంతకం కూడా ఉంది.”

“లేదు సారూ. ఆ దినం నేను ఇంట్ల బీడీలు చేసుకుంట కూసున్న. ఈడికి రాలే.”

అందరికీ తెలిసిన సంగతే. పైకి అనడమే ఇంతకాలం ఎవరూ చెయ్యలేదు. ఎండీగారు కళ్లద్దాలు తీసి తుడుచుకున్నాడు. “ఆలోచించి మాట్లాడండి మేడమ్. మీ సంతకం కాదని రాసుకుంటే, పెట్టినవాళ్ల మీద కేసవుతుంది.”

గంగామణికి ముందు నుయ్యి, వెనక గొయ్యి. తలుపు బయట మొగుడున్నాడు. సంతకం తనది కాదంటే అతను పోలీసు స్టేషను మెట్లెక్కాలి, తనదేనంటే సీమోను ఎప్పటికీ ఎవరూ కానివాడే. కళ్లలో నీళ్లు తిరిగాయి. ఏడుస్తానని మొగుడితో అననైతే అంది గానీ, ఇంతమంది మొగవాళ్ల ముందు నిజంగా ఏడుపు వస్తుంటే సిగ్గుతో చచ్చిపోయింది. అయినా కూర్చోలేదు.

తలుపు తోసుకుని పర్శరాములు వచ్చాడు. “పెట్టింది నేనే సారూ. రాసుకోండ్రి,” అన్నాడు. గంగామణి అతని వైపు చూసింది. పెళ్లయిన ఇన్నేళ్లలో ఆ మనిషి ఇంత పెద్దమనిషిగా ఎప్పుడూ కనిపించలేదు ఆమెకు.

అప్పుడు మూల నుంచి ఒక దగ్గు వినపడింది. ఆమె ఈరవ్వ, తాడ్వాయి వైపు నుంచి గెలిచిన రెండో ఆడ డైరెక్టరు. వచ్చినప్పుడల్లా చాయ్ తాగి వేలిముద్ర వేసి పోవడమే గానీ, ఆమె గొంతెట్లా ఉంటుందో ఆ గదిలో ఎవరికీ తెలియదు.

“నేను గూడ రాలే బిడ్డా ఆ దినం. జరమొచ్చి పండుకున్న. నా కొడుకొచ్చిండు. నా పేరు కాడ సంతకమున్నదా ఏంది?” అని అడిగింది.

“ఉందమ్మా.”

“మరి నాది వేలిముద్ర గదా! నాకు సంతకం ఎవలు నేర్పిండ్రు?”

ఎవరో ఆపుకోలేక నవ్వారు. ఎండీగారు మాత్రం నవ్వలేదు. మనసులో లెక్క వేసుకున్నాడు. మీటింగు చెల్లాలంటే కనీసం ఇంతమంది డైరెక్టర్లు ఉండి తీరాలని నియమం. దాన్ని కోరం అంటారు. “ఈ ఇద్దరూ రాలేదంటే ఆ రోజు కోరం లేదు,” అని మెల్లగా అన్నాడు. “కోరం లేకపోతే ఆ తీర్మానం చెల్లదు.”

రాజలింగు ఎండీగారి వైపు తిరిగాడు. “తిలాపాపం తలా పిడికెడు సారూ. కేసు పెడితె ముందుగాల నా మీద పెట్టు. మీటింగు నడిపింది నేను. ఆ కుర్సీల ఎవలు కూసున్నరో నాకు కండ్లు కనిపియ్యలేదా?” గంగామణి వైపు తిరిగి, “చెప్పు చెల్లె. ఏం జేద్దామంటవు?” అన్నాడు.

“లైన్‌మన్ ఫోను జేస్తెనే పోయిండని ఊరంత ఎరుక. మీరు ఒక్కరన్న అడిగిండ్రా? సీమోను పైనుండంగ లైను ఎవలేసిండ్రో అదన్న అడిగిండ్రా?”

ఎవరూ అడగలేదు. ఎండీగారు తన అసలు భయం అప్పుడు బయటపెట్టాడు. “ఇతన్ని సంఘం మనిషిగా ఒప్పుకుంటే మేడమ్, ఇలాంటి హెల్పర్లు ప్రతి ఊళ్లోనూ ఉన్నారు. రేపు అందరినీ ఒప్పుకోవాలి.”

“ఎక్కుమన్నప్పుడు మనోడు, పడ్డంక పరాయోడా సారూ?”

సీమోను మనోడే అంటూ ఈరవ్వ చెయ్యి లేపింది. రాజలింగు లేపాడు. తర్వాత ఒక్కొక్కరే లేపారు. ఒకాయన మాత్రం సెల్‌ఫోన్లోంచి తల ఎత్తలేదు, అట్లాంటివాళ్లు అన్నిచోట్లా ఉంటారు. సీమోను సంఘం పని మీదే స్తంభమెక్కాడని రాశారు. పరిహారంతో పాటు, కోలుకున్నాక సబ్‌స్టేషనులో కూర్చుని చేసే పని ఇవ్వాలన్నారు. లైను ఎవరు వేశారో విచారించాలన్నారు. ఇకమీదట ఏ మీటింగైనా, ఎక్కడ ఎవరికి దెబ్బ తగిలిందో మాట్లాడాకే మిగతా ముచ్చట అన్నారు. ఎన్నికైనవాళ్లే కుర్చీలో కూర్చోవాలని కూడా రాయించారు. సంతకాల సంగతి సహకార శాఖకు ఉన్నది ఉన్నట్టు రాసి పంపుదామని, ఏ శిక్ష పడితే అది అందరం పంచుకుందామని రాజలింగు అన్నాడు. ఈ మాటలన్నీ రేపు ఎంతవరకూ నిలుస్తాయో చూడాలి. నిలవకపోతే అడగడానికి ఆ కుర్చీలో ఇప్పుడొక మనిషుంది.

తిరిగి వస్తూ బండి సీమోను ఇంటి ముందే ఆపించింది. సలోమి గుమ్మంలోకి వచ్చింది. గంగామణి గడగడా చెప్పుకుపోతుంటే నమ్మలేనట్టు చూసింది.

“ఈ కాగితం మీద సంతకమెవలు పెట్టిండ్రక్కా?” అని అడిగింది.

“నేనే పెట్టినే సలోమీ. నా చేతితోని పెట్టిన.”

సలోమి ఆమె కుడిచెయ్యి పట్టుకుని, గట్టిగా తన చెంపకు ఆనించుకుని ఏడ్చేసింది. గంగామణి కూడా ఏడ్చింది. లోపల మంచం మీది నుంచి సీమోను మెడ చాచి, బండి దగ్గర నిలబడ్డ పర్శరాములును చూశాడు. దవాఖాన నుంచి వచ్చాక మొదటిసారి అతని ముఖంలో నవ్వు కదిలింది.

“మరి నువ్వేం జేసినవన్నా మీటింగుల?” అని కేకేశాడు.

“నేనా?” పర్శరాములు తల గోక్కున్నాడు. “డైరెక్టరమ్మకు బండి నడిపిన తమ్మీ.”