తెలియదని మైకులో చెప్పాను

ఆ మధ్యాహ్నం నేను డిగ్రీ రెండో సంవత్సరం పిల్లలకు ఎలక్ట్రాన్ పాఠం చెబుతున్నాను. విజయవాడలో ఒక ప్రైవేటు కాలేజీలో ఫిజిక్స్ లెక్చరర్‌ని. బోర్డు మీద సమీకరణం సగంలో ఉండగా చెయ్యి ఆగిపోయింది. ఏ గొంతూ వినపడలేదు, ఏ దృశ్యమూ కనపడలేదు. అక్క కింద పడిపోయి ఉందని మాత్రం తెలిసింది. ఎదురుగా పిల్లలు కూర్చున్నారని ఎంత ఖాయంగా తెలుసో, అంత ఖాయంగా.

అక్కది ఏలూరు దారిలో హనుమాన్ జంక్షన్. బావ పోయాక ఒక్కతే ఉంటూ, ఇంట్లోనే బ్లౌజులు కుడుతుంది. సుగర్ ఉంది, ఇన్సులిన్ వేసుకుంటుంది. వరండాలోకి వచ్చి ఫోన్ చేశాను. ఎత్తలేదు. మిషన్ మీద ఉంటే ఎత్తదు, అది మామూలే. అయినా బ్యాగు తీసుకుని గేటు వైపు నడిచాను.

మా హెచ్‌ఓడీ గారు ఎదురొచ్చారు.

"ఏంటండీ మేడమ్, క్లాసు మధ్యలో?"

"మా అక్కకి బాలేదండీ."

"ఫోనొచ్చిందా?"

"రాలేదండీ."

ఆయన ఇంకేదో అడుగుతుండగానే బయటపడి, రామవరప్పాడు రింగ్ దగ్గర ఏలూరు బస్సు ఎక్కాను. గన్నవరం దాటేదాకా నన్ను నేను తిట్టుకుంటూనే ఉన్నాను. ఇంత చదువుకుని, ఫోనెత్తకపోతే ఇలా పరిగెత్తడమేమిటని. వెనక్కి వెళ్దామని ఒకసారి సీట్లోంచి లేచాను కూడా. మళ్లీ కూర్చున్నాను.

"భోంచేసి పడుకునుంటుందమ్మా, మధ్యాహ్నం దాకా మిషన్ చప్పుడు వినపడింది," అంది అక్క పక్కింటావిడ. వీధి తలుపుకు లోపల గడియ. వంటింటి కిటికీ రెక్క తోసి చూస్తే నేలమీద అక్క కాళ్లు కనిపించాయి. పక్కింటాయన గునపం తెచ్చి పెరటి తలుపు పెకలించాడు. అక్క ఒళ్లంతా చెమట. పిలిస్తే పలకడం లేదు. ఆటోలో ఆసుపత్రికి తీసుకెళ్లి గ్లూకోజు ఎక్కిస్తే గానీ కళ్లు తెరవలేదు.

"నువ్వెప్పుడొచ్చావే? కాలేజీ లేదా?" అంది.

ఇన్సులిన్ వేసుకుని తినడం మరిచిపోయిందట, సుగర్ పడిపోయింది. సమయానికి చూశారని డాక్టరు గారు అన్నప్పుడు అక్కడే, అందరి ముందూ ఏడ్చేశాను.

సంగతి పక్కింటావిడ నోటి నుంచి ఊరంతా పాకింది. ఒకరోజు ఎవరో ధ్యాన కేంద్రం నడిపే ఆయన గుణదలలో మా ఇంటికొచ్చాడు. "మీలాంటి సైన్సు చదివినవాళ్లు చెబితే జనం వింటారండీ," అన్నాడు. జరిగింది జరిగినట్టు చెప్పడమైతే వస్తానన్నాను. అక్క కూడా వస్తానంది.

ఆదివారం పొద్దున హాల్లో అడుగుపెట్టగానే స్టేజీ వెనక ఫ్లెక్సీ కనిపించింది. నా ఫొటో. దాని కింద, 'మనసులను కలిపే క్వాంటం శక్తి: ఫిజిక్స్ లెక్చరర్ స్వానుభవం'. నాకు ఒళ్లు మండిపోయింది. పైగా నాకంటే ముందు ఆయన మాట్లాడాడు. ఒకసారి ముడిపడ్డ రెండు కణాలు ఎంత దూరంలో ఉన్నా ఒకటేననీ, ఒక కడుపున పుట్టిన అక్కాచెల్లెళ్లూ అంతేననీ. చప్పట్లు మోగాయి.

మైకు నా చేతికొచ్చింది. జరిగిందంతా చెప్పాను, అక్కడితో ఆగలేదు.

"ఇందాక ఆయన చెప్పింది నేను క్లాసులో పాఠం చెప్పే విషయమండీ. కణాల మధ్య అలాంటి ముడి ఉన్నమాట నిజమే. కానీ దాంతో ఇక్కణ్ణుంచి అక్కడికి కబురు పంపడం కుదరదు. ఒక్క మాట కూడా. చైతన్యానికీ క్వాంటానికీ సంబంధం ఉందేమోనని ఆలోచిస్తున్నవాళ్లున్నారు, ఇంకా ఏదీ తేలలేదు. తేలనిదాన్ని నా ఫొటో పెట్టి మీరు తేల్చేస్తే ఒప్పుకోను. ఆ ఫ్లెక్సీ తీసెయ్యండి."

"మేడమ్ గారు కాస్త అలిసిపోయినట్టున్నారు," అంటూ ఆయన మైకు కోసం చెయ్యి చాచాడు. ఇవ్వలేదు. ముందు వరసలో ఒక పెద్దావిడ లేచి నిలబడింది.

"మరి మీకెలా తెలిసిందమ్మా?"

"నాకు తెలియదండీ."

"తెలియకుండానే అంత దూరం వెళ్లారా?"

"వెళ్లానండీ."

స్టేజీ దిగాక అక్క నా చెయ్యి పట్టుకుని బయటికి లాక్కొచ్చింది. "పరువు తీశావు కదే!"

"ఎవరిది?" అన్నాను.

సోమవారం స్టాఫ్ రూములో హెచ్‌ఓడీ గారు ఆ సభలో ఎవరో తీసిన వీడియో ఫోన్లో పట్టుకుని నవ్వుతూ వచ్చారు. "భలే కడిగేశారు మేడమ్! కాకతాళీయమని మొహమ్మీదే చెప్పారు."

"అలా చెప్పలేదండీ."

"ఆ పొద్దున మీ అక్కగారితో మాట్లాడారా?"

మాట్లాడాను. తలచుకుంటే, అక్క ఆ పొద్దున ఫోన్లో చెప్పిన మాటే మళ్లీ మళ్లీ చెప్పింది. దాచకుండా అదీ చెప్పాను.

"చూశారా! మీకు తెలియకుండానే మీ మెదడు ఆ తేడా పట్టేసింది."

"అయ్యుండొచ్చు."

"అయ్యుండొచ్చేంటండీ, అంతే!"

"మీరూ ఆ ఫ్లెక్సీ కట్టించినాయనలాగే మాట్లాడుతున్నారు," అన్నాను. ఆయన మొహం మాడిపోయింది. చాలా రోజులు నాతో ముభావంగానే ఉన్నారు.

అక్క గురించి కంగారు పడి, తీరా చూస్తే ఏమీ లేకపోయిన సందర్భాలు నా జీవితంలో బోలెడున్నాయి. వాటినీ లెక్కలోకి తీసుకున్నాను. కానీ కంగారు ఎలా ఉంటుందో నాకు బాగా తెలుసు. ఆ మధ్యాహ్నం వచ్చింది కంగారు కాదు. ఎవరో నవ్వుతారని ఆ మాట వెనక్కి తీసుకోను.

అక్కకు మాత్రం ఏ అనుమానమూ లేదు, మరియమాత కాపాడింది. ప్రార్థన కూటానికి వచ్చి సాక్ష్యం చెప్పవే అని పట్టుబట్టింది.

"జరిగింది చెప్తాను. ఎవరు చేశారో మాత్రం చెప్పను."

"అయితే నువ్వు రావద్దులే," అని తనే వెళ్లి చెప్పుకుంది. ఆ ప్రాణం తనది, చెప్పుకునే హక్కూ తనదే. నేను అడ్డు చెప్పలేదు, వెంట వెళ్లనూ లేదు.

ఈ ఏడు అదే పాఠం దగ్గర ఒక అమ్మాయి లేచి అడిగింది. "మేడమ్, మీ వీడియో చూశాం. అది క్వాంటమేనా?" పాఠం ఆపి, పొద్దుటి ఫోనుతో సహా అంతా చెప్పాను. సాయంత్రానికి ప్రిన్సిపాల్ గారు పిలిపించారు.

"ఇవన్నీ క్లాసులో ఎందుకండీ? పిల్లలు తప్పుగా అర్థం చేసుకుంటారు."

"తెలిసింది తెలుసని, తెలియనిది తెలియదని చెప్పానండీ. అందులో తప్పుగా అర్థం చేసుకోవడానికేముంది?"

"సరే, ఇంకెప్పుడూ చెప్పకండి."

"అడిగితే చెప్తానండీ," అని లేచి వచ్చేశాను.